తలలు లెక్కపెట్టే గుమ్మం

జెస్సికా తన కాళ్ల మీద తాను నడిచి మాల్‌లోంచి వెళ్లిపోయిందని చెప్పే ఆ వీడియో ముక్కను పొద్దుటి నుంచి ఎన్నిసార్లు చూశానో నాకే గుర్తు లేదు. కళ్లు మండుతున్నాయి. మోకాళ్ల సంగతి చెప్పుకోకపోవడమే మంచిది. మణిదీప్ మాల్ మొత్తానికీ ఏసీ ఉంది గానీ, కెమెరాలు చూసే ఈ గదికి మాత్రం ఒక టేబుల్ ఫ్యాన్ పడేశారు. మే నెల మధ్యాహ్నం పాల్వంచలో ఆ ఫ్యాన్ చేసే ఉపకారమల్లా వేడిగాలిని ఒక చెవి దగ్గర్నుంచి ఇంకో చెవి దగ్గరికి చేర్చడమే.

పక్క కుర్చీలో ఇన్నమ్మ కూర్చుంది. జెస్సికా తల్లి. ఇక్కడే ఒక ప్రైవేటు దవాఖానాలో ఆయా. మొన్న పొద్దున డ్యూటీకని మాల్‌కు వచ్చిన కూతురు రాత్రికి ఇల్లు చేరలేదు. 'అమ్మా, నేను బాగున్నా. నన్ను వెతకొద్దు' అని ఫోనుకు ఒక మెసేజ్ వచ్చింది. ఆ తర్వాత ఆ నంబరు మోగలేదు. భర్త ఏసయ్య కూతురి ఫొటో పట్టుకుని పోలీస్ స్టేషన్ ముందు కూర్చుంటే, ఈమె నిన్న తెల్లారకముందే బస్సెక్కి ఖమ్మంలో నా గుమ్మం ముందు నిలబడింది. నా బిడ్డ బతికుందా లేదా, అదొక్కటి చెప్పండి చాలు అన్నది. ఎస్సై ఉద్యోగం మీద విసుగొచ్చి వదిలేసి 'నాగలత, ప్రైవేట్ డిటెక్టివ్' అని బోర్డు పెట్టుకున్నాక నా దగ్గరకు వచ్చేవన్నీ పెళ్లికొడుకు తాగుతాడా లేదా అనే కేసులే. ఇలాంటి ప్రశ్న అడిగినవాళ్లు లేరు. కాదనలేక ఆమెతో పాటే బయల్దేరి వచ్చాను. వచ్చినప్పటి నుంచి ఈ మాల్ వదిలి కదల్లేదు.

"ఇంకా అదే చూస్తున్నారా మేడం?"

తలుపు దగ్గర మురళీకృష్ణ. చేతిలో ఐస్ వేసిన కాఫీ. ఒకప్పుడు నా స్టేషన్లో కానిస్టేబుల్. ఇప్పుడు హైదరాబాద్‌లో ఏదో ఏజెన్సీ, మెడలో టై. మాల్ యజమాని వెంకటరామారావు ఇతన్ని పిలిపించాడు. రేపు సినిమా హాళ్ల కంపెనీ వాళ్లు వచ్చి మూడో అంతస్తు తీసుకుంటామని సంతకాలు పెట్టాలి. ఈలోపు ఆడపిల్ల మాయమైన మాల్ అనే పేరు రాకూడదు. అదీ ఆయన బాధ. మురళీకృష్ణ ఆ బాధ తీర్చేశాడు. వచ్చిన పూటలోనే రిపోర్టు కూడా రాసేశాడు.

అతని దగ్గరున్న ఆధారాలు మూడు. ఒకటి ఈ వీడియో. మొన్న సాయంత్రం, సరిగ్గా దీపాలు పెట్టే వేళకు, ఆకుపచ్చ చున్నీని ముఖానికి చుట్టుకున్న ఒక అమ్మాయి మాల్ స్టాఫ్ వేసుకునే మెరూన్ కుర్తాలో ముందు గుమ్మం దాటి బయటికి పోయింది. ఆ చున్నీ జెస్సికాదేనని ఇన్నమ్మే చెప్పింది. రెండోది తల్లికి వచ్చిన మెసేజ్. మూడోది జెస్సికా ఫోను చివరిసారి భద్రాచలం బస్టాండు దగ్గర సిగ్నల్ చూపించడం. ఎవడితోనో పోయింది, గోదావరి దాటింది, కేసు అయిపోయింది అంటాడు.

"ఎవడితోనో అంటున్నావు గదా మురళీ, వాడి పేరు చెప్పు."

"పేరు తెలియడానికి టైం పడుతుంది మేడం. పిల్ల పోయింది మాత్రం ఖాయం. ఎదురుగా వీడియో ఉంది."

"ముఖం కనపడని వీడియో."

"ఈ ఎండల్లో ముఖానికి చున్నీ చుట్టుకోని ఆడపిల్లను ఒక్కదాన్ని చూపించండి. మీకు అనుమానాలు ఎక్కువ, అప్పుడూ అంతే." కాఫీ ఒక గుక్క తాగాడు. "ఈమెకు ఆశలు పెట్టి తిప్పుతున్నారు. అది మంచిది కాదు."

ఇన్నమ్మ తల వంచుకుంది. నాకు ఒళ్లు మండింది. కానీ అరిచే ఓపిక లేదు, పైగా ఎదురు చెప్పడానికి నా దగ్గర ఆధారమూ లేదు. మా ఇద్దరికీ కుదిరిన మాట ఒక్కటే. నిన్న రాత్రి మాల్ మూశాక ఎవరూ లోపలికి పోయి ఏదీ తారుమారు చేయకుండా మన తాళం వేయిద్దామని నేనంటే, అతను సరేనని తన తాళాలు తెప్పించి రెండు గేట్లకూ వేయించాడు. నిన్న పగలంతా నేను కింద లిఫ్టుల ఎదురుగా కూర్చున్నాను, అతను మెట్ల దగ్గర; ఈ రోజు ఆ రెండు చోట్లా గార్డులను కూర్చోబెట్టాం. స్టాఫ్‌లో ఎవరు ఎటు కదిలినా మాకు తెలుస్తూనే ఉంది.

మేనేజర్ రాంబాబును నిన్ననే ఒకసారి కూర్చోబెట్టి అడిగాను. నలభై దాటని మనిషి, అరవై ఏళ్ల అలసట. జెస్సికా పని ఏమిటంటే, గుమ్మాల పైన ఉండే చిన్న పెట్టెలు ఎంతమంది లోపలికి వచ్చారో తలలు లెక్కపెడతాయట, ఆ లెక్కల్ని కంప్యూటర్లో గీతలుగా మార్చి ప్రతి సాయంత్రం యజమానికి పంపడం. ఎవరెవరు ఎప్పుడు వస్తారో రాంబాబు కళ్లు మూసుకుని చెప్పాడు. థర్మల్ కరెంటు కేంద్రంలో జీతాలు పడే వారం జనం. ఆదివారం చర్చి అయ్యాక జనం, భద్రాచలం దర్శనం చేసుకుని తిరిగొచ్చే కార్లు. ఎండాకాలం మధ్యాహ్నాలు కిటకిటే, కాకపోతే వాళ్లంతా చల్లగాలికి వచ్చి మెట్ల మీద కూర్చునేవాళ్లు, ఒక్కరూ ఏమీ కొనరు. ఖమ్మంలో పెద్ద మాల్స్ లేచాక, ఫోన్లలో కొనడం అలవాటయ్యాక ఆ జనమూ పలచబడ్డారు. ఈ మాట చెప్పేటప్పుడు మాత్రం గొంతు తగ్గించాడు. మరి జెస్సికా పంపే గీత ఏడాదిగా పైపైకే పోతోందే అంటే, పండగ ఆఫర్లు పెట్టినం మేడం అని నీళ్లు నమిలాడు.

మురళీకృష్ణ బయటికి పోయాక ఇన్నమ్మ మెల్లగా అడిగింది.

"ఇంకొక్కసారి పెట్టున్రి మేడం. దాని నడక చూస్త."

పెట్టాను. ఆకుపచ్చ చున్నీ గాజు తలుపు తోసుకుని వచ్చింది. ముఖం వైపు చూసీ చూసీ విసిగిపోయి ఈసారి కిందికి చూశాను. తలుపు దాటాక ఆ అమ్మాయి నేరుగా రోడ్డు మీదికి పోలేదు. పక్కనున్న పూలకుండీ వైపు ఒక అడుగు వేసింది. ఒక కాలు, తర్వాత ఇంకో కాలు వెనక్కి పెట్టి ఏదో తొడుక్కుంది. అప్పుడు కదిలింది.

చెప్పులు. లోపలి నుంచి ఒట్టి కాళ్లతో వచ్చి బయట చెప్పులు వేసుకుంది.

జెస్సికా డ్యూటీలో ఏం వేసుకుంటుందని ఇన్నమ్మను అడిగాను. నల్ల బూట్లు, కంపెనీ రూలు, అవి లేకుంటే లోపలికి రానియ్యరు అన్నది. ఆ బూట్లు ఇంట్లో లేవు. స్టాఫ్ గదిలోనూ లేవు, అది నేను నిన్ననే చూశాను. అంటే ఆ బూట్లు ఎక్కడున్నాయో ఆ పిల్ల పాదాలు అక్కడే ఉన్నాయి. నా నడుము నొప్పి ఒక్క క్షణం నన్ను వదిలేసింది.

కిందికి దిగి ముందు గుమ్మం దగ్గరికి వెళ్లాను. పెద్ద గాజు తలుపులు, పైన అగ్గిపెట్టెలాంటి లెక్కల పెట్టె, అందులో మినుకుమినుకుమనే ఎర్ర చుక్క. తలుపు పక్క గోడకు 'దయచేసి చెప్పులతోనే లోపలికి రండి' అని ఒక బోర్డు, అక్షరాలు వెలిసిపోయాయి. దాని సంగతేమిటని గేటు దగ్గరున్న గార్డు పగిడయ్యను అడిగాను. మాల్ తెరిచిన కొత్తలో జనం నున్నటి నేల చూసి చెప్పులు బయటే విడిచి లోపలికి పోయేవాళ్లట. చండ్రుగొండ వైపు నుంచి వచ్చేవాళ్లూ, గూడేల నుంచి వచ్చేవాళ్లూ, ఊళ్లోవాళ్లు కూడా. ఫంక్షన్ హాలు ముందు పడ్డట్టు చెప్పుల గుట్ట పడేదట. జతలు మారిపోయి కొట్లాటలు అయ్యేవి. అందుకని ఓనరు బోర్డు పెట్టించాడు. ఇప్పుడు అందరూ వేసుకునే పోతున్నారు.

కుండీ వెనక్కి వంగి చూశాను. మోకాళ్లు కిర్రుమన్నాయి. అక్కడ ఒక జత ఉంది. నీలం పట్టీల హవాయి చెప్పులు, ఒక పట్టీకి పిన్నీసు.

"ఇవి ఎవరివి పగిడయ్యా?"

"సైదమ్మవి మేడం. తుడిచేటామె. పొద్దుగాల ఈ గుమ్మం తుడుచుకుంట లోపలికి పోతది, చెప్పులు ఈడనే ఇడుస్తది. తాను తుడిచిన బండల మీద చెప్పులతోటి నడవదు. ఎంత చెప్పినా ఇనదు."

మురళీకృష్ణ నా వెనకాలే వచ్చి వింటున్నాడు. చెప్పులు పట్టుకుని కేసు తేలుస్తారా అని నవ్వాడు గానీ, ఆ నవ్వు పూర్తిగా రాలేదు. వీడియో అతనూ చూశాడు. కాళ్లు చూడలేదు.

సైదమ్మ రెండో అంతస్తు ఆడవాళ్ల టాయిలెట్ దగ్గర దొరికింది. సన్నటి మనిషి, జెస్సికా ఎత్తే. అదే మెరూన్ కుర్తా. నన్ను చూడగానే మాపు కర్ర పట్టుకుని గోడకు ఆనుకుంది. నేను కూడా ఆమె పక్కనే కూలబడ్డాను, నిలబడే ఓపిక లేక. అందుకేనేమో ఆమెకు కాస్త భయం తగ్గింది. మొన్న సాయంత్రం ఆకుపచ్చ చున్నీ చుట్టుకుని ముందు గుమ్మంలోంచి పోయింది నువ్వేనా అంటే, అవ్ అన్నది. దాచే విషయమని ఆమెకు తెలిస్తే కదా దాచడానికి.

"రౌండ్‌కు పొమ్మన్నరు, పోయిన."

రౌండ్ అంటే ఏమిటో ఆమె చెప్పింది. జనం పలచగా ఉన్న పూట మేనేజర్ సారు తుడిచేవాళ్లనూ, గోడౌన్ ఆడవాళ్లనూ పిలుస్తాడు. వెనక గేటు నుంచి బయటికి పోవాలి, తిరిగి ముందు గుమ్మం నుంచి లోపలికి రావాలి. మళ్లీ వెనక నుంచి బయటికి, మళ్లీ ముందు నుంచి లోపలికి. ఓనరు ఇంట్లో కూర్చుని కెమెరాలో చూస్తే వచ్చినవాళ్లే వస్తున్నారని పట్టేస్తాడని ఒక్కోసారికి ఒక్కో చున్నీ చుట్టిస్తారు. కస్టమర్లు మరిచిపోయినవీ, డిస్‌ప్లేలో పాతబడినవీ ఒక డబ్బాలో ఉంటాయి. ఏడాదిగా జరుగుతోంది. వాళ్లకది తుడవడం లాంటి ఇంకో పని. చల్లగా కాస్త తిరిగొచ్చినట్టు ఉంటుందని ఆమెకు ఇష్టం కూడా.

"మొన్న కూడా గట్లనే తిరిగినవా?"

సైదమ్మ ఆలోచించింది. "లేదు మేడం. ఎప్పుడూ ముందలికెంచి లోపలికి రమ్మంటరు. మొన్న బయటికి పొమ్మన్నడు. ఒక్కటే రౌండు, అటే ఇంటికి పో అన్నడు. వెనక గేటు కాడ బ్యాగు చెకింగు లేకుండ జల్దీ పోవచ్చని నేను సంబురపడ్డ. చెప్పులు ఈ దిక్కే ఉండె, తొడుక్కొని పోయిన."

"చున్నీ ఎవరిచ్చారు?"

"రాంబాబు సారే. మళ్ల పొద్దున తెచ్చి డబ్బాల వెయ్యమన్నడు. వేసిన." అప్పుడు నా మొహం చూసి మాపు కర్ర కింద పెట్టింది. "నేనేమన్న తప్పు చేసిన్నా మేడం? ఆ పిల్ల రోజూ నాతోటి కూసోని తింటది."

ఏం తప్పు చేయలేదని చెప్పి లేచాను. ఎస్కలేటర్ దిగుతుంటే మురళీకృష్ణ, అయినా ఇదేం రుజువు మేడం, ఆ పిల్ల వెనక గేటు నుంచి పోయి ఉండొచ్చుగా అన్నాడు. వెనక గేటు దగ్గర ప్రతి స్టాఫ్ బ్యాగూ తెరిచి చూస్తారని, ఆ పూట డ్యూటీలో ఉన్న ఆమె జెస్సికా రాలేదని నిన్ననే మనిద్దరి ముందూ చెప్పిందని గుర్తు చేశాను. రాలేదని చెబితే ముందు గుమ్మం నుంచి పోయిందిలే అనుకున్నాం. ముందు గుమ్మం నుంచి పోయింది సైదమ్మ.

ఆ పిల్ల ఈ భవనంలోంచి బయటికే పోలేదు.

కింది అంతస్తులో మేనేజర్ గదికి ఇన్నమ్మను కూడా తీసుకెళ్లాను. తల్లి ఎదురుగా ఉంటే అబద్ధం ఆడటం కొంచెం కష్టం. రాంబాబు మొదట తేలిగ్గా తీసేశాడు. రౌండ్లు నిజమే మేడం, అందరు చేసేదే, జనం తగ్గిన్రంటే నా కొలువు పోతది, ఓనరుకు చెప్పకున్రి అన్నాడు. ఆ చున్నీ డబ్బాలో పడుంటే ఇచ్చానన్నాడు. జెస్సికాది అని తెలియదన్నాడు. బయటికి ఎందుకు పంపావంటే గుర్తు లేదన్నాడు. చెమటలు కారిపోతున్నాయి, ఏసీ గదిలో.

"జెస్సికా ఆ రౌండ్ల సంగతి పట్టుకుంది కదూ?" అన్నాను.

రాంబాబు కళ్లు కంప్యూటర్ వైపు పోయాయి. ఇన్నమ్మే చెప్పింది. వారం రోజుల నుంచి బిడ్డ సరిగ్గా తినలేదట. నేను పంపే లెక్క చూసి సినిమా కంపెనీ వాళ్లు వస్తుండ్రమ్మా, అది దొంగ లెక్క, నేను వాళ్లకు నిజం చెప్త అన్నదట. ఉద్యోగం పోతది బిడ్డా అని తల్లి భయపెట్టింది. ఆ మాట ఇప్పటిదాకా నాతో ఎందుకు అనలేదని అడగబోయి ఆగాను. ఉద్యోగం పోతుందని నోరు మూసుకున్న మనిషిని ఇప్పుడు అడిగి ఏం లాభం.

"మురళీ, ఆ కంప్యూటర్లో లెక్కలు తియ్యి. మొన్న సాయంత్రం నుంచి."

అతను ఈసారి ఎదురు చెప్పలేదు. తెర మీద అంతస్తుకో వరసగా గీతలు వచ్చాయి. నాకు ఆ యంత్రాలు అంతగా తెలియవు. కింది గుమ్మం, మొదటి అంతస్తు, రెండో అంతస్తు, అన్నీ పగలు లేచి రాత్రి పడుకునే గీతలు. రాత్రిళ్లు తాళాలు వేసి ఉన్నాయి కాబట్టి ఖాళీ. కిందనున్న నాలుగో వరస మాత్రం వేరుగా ఉంది. అది రాత్రిపూట కూడా లేచింది.

"ఇదేంటి?"

"మూడో అంతస్తు మేడం. సినిమా హాలు కట్టేచోటు. పని ఆగిపోయి మూసి ఉంది. లోపల హాలు గుమ్మానికి పెట్టె ముందే బిగించారు, కంపెనీ వాళ్లకు చూపించడానికి. అది పాడైంది. నేను నిన్ననే అడిగాను, రాంబాబు గారు చెప్పారు. ఎలుకలో, పావురాలో. రిపోర్టులో రాశాను కూడా, సెన్సార్ ఫాల్టీ అని."

అలా చెబుతూనే మధ్యలో ఆగి తన రిపోర్టు తెరిచాడు. మనిషి తల ఎత్తులో వచ్చేవాటినే ఆ పెట్టె లెక్కపెడుతుందని, చంటిపిల్లల్ని కూడా లెక్కలోకి తీసుకోదని అదే రిపోర్టులో తానే రాసుకున్నాడు.

నేను కుర్చీ జరుపుకుని తెర ముందుకు వంగాను. మొన్న సాయంత్రం చీకటి పడ్డాక మొదలైంది ఆ గీత. లోపలికి ఒకరు, బయటికి ఒకరు, లోపలికి ఒకరు, బయటికి ఒకరు. ఒకే మనిషి ఒకే గుమ్మం కింద అటూ ఇటూ నడిస్తే పడే లెక్క. గంట మొదలవగానే గుత్తిగా లేచింది, ఆగింది, మళ్లీ గంటకు లేచింది. కాలక్షేపానికి నడిచే నడక కాదది. సినిమా హాలు గోడలకు లోపల దళసరి మెత్తలు అద్దారు, చప్పుడు బయటికి రాదు. ఎంత అరిచినా ఎవరికీ వినపడదని ఆ పిల్లకు తెలుసు. రోజూ ఆ గీతలు తీసేది తనే కాబట్టి, తన నెత్తి మీదున్న పెట్టె కింది అంతస్తులోని కంప్యూటర్‌తో మాట్లాడుతూనే ఉంటుందనీ తెలుసు. ఎవరో ఒకరు చూస్తారనుకుంది. చూశారు. ఫాల్టీ అని రాసుకున్నారు.

నిన్న పొద్దున గీతలు ఎత్తుగా ఉన్నాయి. మధ్యాహ్నానికి కురచ. రాత్రి ఇంకా కురచ. ఈ రోజు పొద్దున రెండేసి, ఒక్కొక్కటి. పదకొండు గంటల తర్వాత ఏమీ లేదు. ఖాళీ.

"టెక్నీషియన్ వచ్చి పెట్టె ఆపేశాడా?" అన్నాను.

రాంబాబు తల ఎత్తలేదు. "లేదు మేడం. టెక్నీషియన్ సోమారం వస్తడు."

ఇన్నమ్మ నా భుజం పట్టుకుంది. ఆమెకు ఆ గీతలేమిటో తెలియదు. మరెందుకు ఆగిందంట మేడం అని అడిగింది.

అప్పుడు రాంబాబు టేబుల్ మీద తల పెట్టి ఏడవడం మొదలుపెట్టాడు. చంపాలని కాదట. సంతకాలు అయ్యేదాకా మూడు దినాలు ఉంచుదామనుకున్నాడట. పైకి తీసుకుపోయి మాట్లాడుతూ ఫోనూ, చున్నీ గుంజుకుని తాళం వేసి వచ్చాడు. మెసేజ్ పెట్టిందీ, ఫోను భద్రాచలం బస్సు సీటు కింద పడేసిందీ తనే. తాళం వేసేటప్పుడు రెండు నీళ్ల సీసాలు లోపల పెట్టాడు. తెల్లారి మళ్లీ నీళ్లు, బువ్వ తీసుకుపోదామనుకున్నాడు.

"మరి తీసుకుపోలేదా?"

"ఎట్ల తీస్కపోవాలె మేడం? నిన్న పొద్దటి సంది మీరు లిఫ్టు ముందట కూసున్నరు. ఈ సారు మెట్ల కాడ. రాత్రి గేట్లకు మీ తాళమేసిన్రి. ఇయ్యాల గార్డులను కూసోబెట్టిన్రి."

నేనూ మురళీకృష్ణా ఒకరి మొహం ఒకరం చూసుకోలేదు. పైకప్పు రేకుల కింద, ఏసీ లేని హాల్లో, ఈ మే ఎండకు, రెండు సీసాల నీళ్లతో. కాపలా కాసింది మేము. వెతకడానికి వచ్చినవాళ్లం. నా జీవితంలో ఎన్నో శవాల దగ్గర నిలబడ్డాను గానీ ఇంత చల్లటి భయం ఎప్పుడూ వేయలేదు.

మురళీకృష్ణ ముందుగా కదిలాడు. సొరుగు లాగి తాళంచెవుల గుత్తి తీసి, ఏది అని అరిచాడు. రాంబాబు వేలితో చూపించాడు. వాణ్ణి చూస్తుండమని గుమ్మం దగ్గరున్న పగిడయ్యకు కేకేసి చెప్పి, అంబులెన్స్‌కు ఫోను కలుపుతూ నేనూ పరుగెత్తాను. ఇన్నమ్మ లేవబోయి మళ్లీ కుర్చీలో కూలిపోయింది. నేనేం చెయ్యాలె మేడం అని వెనక నుంచి అడిగింది. ఆ నాలుగో వరస చూస్తుండు అని మాత్రం అనగలిగాను.

లిఫ్టు కోసం ఆగలేకపోయాం. ఎస్కలేటర్ రెండో అంతస్తు వరకే. దాని దగ్గరికి పోవడానికి కూడా దారి లేకుండా చల్లగాలికి వచ్చిన జనం మెట్ల మీద కూర్చున్నారు. జరగండి, జరగండి అని మురళీకృష్ణ తోసుకుంటూ పోతున్నాడు. అతని టై భుజం మీదికి ఎగిరింది, ఎక్కడో కాఫీ ఒలికిన చొక్కా. నేను రెయిలింగ్ పట్టుకుని ఈడ్చుకుంటూ ఎక్కాను. రెండో అంతస్తు దాటాక సిమెంటు మెట్లు. ఒక్కో మెట్టు ఎక్కుతుంటే వేడి పెరుగుతోంది, పొయ్యి దగ్గరికి జరుగుతున్నట్టు. రెండు సీసాలు, రెండు పగళ్లు అని నా నోరు దానంతటదే గొణుగుతోంది. పైన మలుపు దగ్గర మురళీకృష్ణ ఆగి నాకు చేయి అందించాడు.

"ఆ గీత నేను నిన్న పొద్దున్నే చూశాను మేడం," అన్నాడు. "ఎత్తుగా ఉన్నప్పుడే."

"తర్వాత ఏడుద్దువు గానీ. ఎక్కు."

చివరి మలుపు తిరిగాం. మూడో అంతస్తు ఇనుప తలుపు ఎదురుగా కనపడింది. బయటి నుంచి గొళ్లెం, దానికి తాళం. లోపలి నుంచి ఏ అలికిడీ లేదు. నాకు ఇంకో ఆరేడు మెట్లున్నాయి. మురళీకృష్ణ గుత్తిలో తాళంచెవి వెతుకుతున్నాడు, చెమట చేతుల్లో అది జారిపోతోంది.

అప్పుడు కింద నుంచి, మూడు అంతస్తుల కింద నుంచి, మాల్ నడిమధ్య ఖాళీలోంచి ఇన్నమ్మ కేక పైకి వచ్చింది. నిన్నటి నుంచి గొంతు పెంచి ఒక్క మాట అనని మనిషి. కూర్చున్న జనమంతా లేచి నిలబడే అంత కేక.

"మేడం, కదిలింది! ఇప్పుడే కదిలింది!"

మేమింకా తలుపు ముట్టుకోలేదు.